పిరాన్యాలు పెట్టిన పెట్టుబడి: జాన్ సెయిల్స్ సినిమా జీవితం

1978లో అమెరికాలో 'పిరాన్యా' అనే సినిమా ఒకటి వచ్చింది. వియత్నాం నదుల్లో వదలడానికని సైన్యం రహస్యంగా పెంచిన మాంసం తినే చేపలు, మూతపడ్డ ప్రయోగకేంద్రం కొలనులోంచి నదిలో పడతాయి. దిగువన పిల్లల వేసవి శిబిరం ఉంది. ఇంకా దిగువన కొత్తగా కట్టిన రిసార్టు ఉంది. మిగతా కథ మీరు ఊహించుకోగలరు. 'జాస్' హిట్టయ్యాక ఆ వేడి మీద తీసిన చవక సినిమాల్లో ఇదొకటి.

రెండేళ్ళ తర్వాత 'రిటర్న్ ఆఫ్ ది సికాకస్ సెవెన్' వచ్చింది. కాలేజీ రోజుల్లో యుద్ధ వ్యతిరేక ఉద్యమంలో తిరిగిన స్నేహితులు, ముప్ఫయ్యో పడిలోకి అడుగుపెడుతూ, న్యూ హాంప్‌షైర్‌లో ఓ టీచర్ల జంట ఇంట్లో వారాంతం గడపడానికి కలుస్తారు. ఇందులో చేపలు లేవు, నెత్తురు లేదు. బాస్కెట్‌బాల్ ఆడతారు, ఈతకొడతారు, పాత ప్రేమల లెక్కలు తేల్చుకుంటారు, అన్నిటికంటే ఎక్కువగా మాట్లాడుకుంటారు.

రెండింటికీ రచయిత ఒకడే, జాన్ సెయిల్స్. మొదటి రకం సినిమాలు రాసి సంపాదించిన 30,000 డాలర్లతో రెండోది మొదలుపెట్టాడు. ఆ తర్వాత మూడు దశాబ్దాలకు పైగా అతని బతుకు ఇదే పద్ధతిలో నడిచింది: ఇతరుల కోసం స్క్రిప్టులు రాయడం, వచ్చిన డబ్బుతో తనకి నచ్చిన సినిమా తీయడం, అయిపోగానే మళ్ళీ పనికి పోవడం.

ఇతని గురించి రాయడంలో నాకో స్వార్థం ఉంది. పగలు నేనొక క్లయింటు కోసం కోడ్ రాస్తాను. ఉద్యోగంలో చేరిన రోజు సంతకం పెట్టిన కాగితాల్లో, అక్కడున్నన్నాళ్ళూ నేను రాసే ప్రతి లైనూ కంపెనీదే అని ఒక క్లాజు ఉంది. రాత్రుళ్ళు కూర్చుని ఇలాంటివి రాస్తాను. ఇలా రెండు బల్లల మధ్య తిరిగేవాళ్ళు నా స్నేహితుల్లో చాలామందే ఉన్నారు. కలిసినప్పుడల్లా మా మధ్య తేలని వాదన ఒకటే: జీతానికి చేసే పని సొంత పనిని పోషిస్తుందా, లేక మెల్లగా తినేస్తుందా? సెయిల్స్ జీవితంలో రెండు వైపులకీ సాక్ష్యం దొరుకుతుంది. అందుకే అతను నన్ను వదలడు.

నవలల నుంచి మొసళ్ళ దాకా

సెయిల్స్ 1950లో న్యూయార్క్ రాష్ట్రంలోని స్కెనెక్టడీలో పుట్టాడు. జనరల్ ఎలక్ట్రిక్ కంపెనీ చుట్టూ పెరిగిన ఊరది. విలియమ్స్ కాలేజీలో సైకాలజీ చదివి, 1972లో డిగ్రీ పుచ్చుకుని, వృద్ధాశ్రమంలో సహాయకుడిగా, కూలీగా, మాంసం ఫ్యాక్టరీలో కార్మికుడిగా పనిచేశాడు. మధ్యలో కథలు రాసి పత్రికలకి పంపాడు. 1975లో మొదటి నవల వచ్చింది. 1977లో వచ్చిన రెండో నవల 'యూనియన్ డ్యూస్' నేషనల్ బుక్ అవార్డుకి నామినేట్ అయింది. అప్పటికి అతని వయసు ఇరవయ్యేడు. సాహిత్యంలో స్థిరపడటానికి ఇంతకంటే మంచి ఆరంభం ఉండదు. కానీ ఆ పేరుతో ఇల్లు గడవదు, సినిమా అసలే తీయలేం.

సినిమాల్లోకి దారి కోసం ఒక స్క్రిప్టు రాసుకున్నాడు. 1919లో షికాగో బేస్‌బాల్ ఆటగాళ్ళు డబ్బు తీసుకుని ప్రపంచ సిరీస్ ఓడిపోయిన కుంభకోణం మీద ఇలియట్ ఆసినాఫ్ రాసిన 'ఎయిట్ మెన్ అవుట్' అనే పుస్తకం దానికి ఆధారం. ఎవరూ అడగలేదు, పుస్తకం హక్కులు తన దగ్గర లేవు. కేవలం తన చేతివాటం చూపించుకోడానికి రాసిన నమూనా. అది చూసి ఒక ఏజెంటు దొరికాడు. ఏజెంటు ద్వారా రోజర్ కోర్మన్ దగ్గర పని దొరికింది. ఆ నమూనా స్క్రిప్టుని సెయిల్స్ స్వయంగా తీయగలిగింది 1988లో, పదకొండేళ్ళకి.

కోర్మన్ కంపెనీ న్యూ వరల్డ్ పిక్చర్స్ గురించి సినిమా చరిత్ర చదివినవాళ్ళకి కొత్తగా చెప్పక్కర్లేదు. చవగ్గా, వేగంగా, భయమో రక్తమో రొమాన్సో కొలత ప్రకారం పడేలా సినిమాలు తీసే దుకాణం అది. కొప్పోలా, స్కోర్సేసీ, జోనథన్ డెమ్మీ లాంటివాళ్ళు కోర్మన్ దగ్గర పని నేర్చుకున్నవాళ్ళే. సెయిల్స్ అక్కడ 'పిరాన్యా' తర్వాత 'ద లేడీ ఇన్ రెడ్', 'బ్యాటిల్ బియాండ్ ద స్టార్స్' రాశాడు. నాకు ముఖ్యంగా అనిపించే విషయం, ఈ పనిని అతను ఎడమచేత్తో చేయలేదు. 'పిరాన్యా'లో చేపలు భయపెడతాయి సరే, వాటిని పెంచింది సైన్యం, సంగతి బయటపడితే రిసార్టు బేరం పోతుందని నోరు నొక్కేది వ్యాపారం. తమాషా సినిమాలోనే యుద్ధం మీద కోపం ఇమిడిపోయింది.

బయటి నిర్మాతలకి రాసిన 'ఆలిగేటర్' ఇంకా మంచి ఉదాహరణ. 1980లో వచ్చింది. ఇంట్లో పెంచుకున్న మొసలి పిల్లని టాయిలెట్లో వేసి నీళ్ళు కొట్టేస్తే, అది మురుగు కాలువల్లో బతికి, ఓ మందుల కంపెనీ ప్రయోగాలు చేసి పారేసిన కుక్కల శవాలు తిని రాక్షసిలా పెరుగుతుంది. తర్వాత అది నగరం మీద పడే వరస గమనించండి. మొదట మురుగు కాలువ పనివాళ్ళు. తర్వాత పేదల వీధులు. అలా ఎక్కుతూ ఎక్కుతూ చివరికి ఆ మందుల కంపెనీ యజమాని బంగళా తోటలో పెళ్ళి విందు దగ్గరికి చేరుతుంది. వర్గాల నిచ్చెన కింది మెట్టు నుంచి పై మెట్టు దాకా తినుకుంటూ పోయే మొసలి అది. నిర్మాత అడిగింది మొసలిని, సెయిల్స్ మొసలినే ఇచ్చాడు. అది ఏ దారిన నడవాలో మాత్రం తను నిర్ణయించాడు.

ఉన్నదాన్ని బట్టి కథ

'సికాకస్ సెవెన్' ఎలా పుట్టిందో సెయిల్స్ చాలా ఇంటర్వ్యూల్లో చెప్పాడు. సాఫ్ట్‌వేర్ వాళ్ళకి ఆ పద్ధతి బాగా అర్థమవుతుంది. అతను కథతో మొదలుపెట్టలేదు, తన దగ్గర ఏముందో లెక్క వేసుకున్నాడు. యూనియన్ నటులకి ఇచ్చేంత డబ్బు లేదు. నాటకాల్లో తనతో పనిచేసిన, ఇంకా యూనియన్‌లో చేరని మంచి నటులు తెలుసు. వాళ్ళంతా ముప్ఫయ్యో పడి దగ్గర్లో ఉన్నారు. కాబట్టి కథ ఆ వయసువాళ్ళది. కెమెరాని అటూ ఇటూ కదిలించే సరంజామా లేదు. కాబట్టి ఒకేచోట ఎక్కువమంది మనుషులుండాలి, ఒకరి నుంచి ఇంకొకరికి కట్ చేస్తుంటే ఆ కదలికే సినిమాని నడిపిస్తుంది. ఊరంతా తిరిగే స్తోమతు లేదు. కాబట్టి ఒక ఇల్లు, ఒక వారాంతం.

నెల తిరక్కుండా షూటింగ్ ముగించారు. సెయిల్స్ రాశాడు, తీశాడు, ఎడిట్ చేశాడు, ఒక చిన్న వేషం కూడా వేశాడు. అతని జీవిత సహచరి మ్యాగీ రెంజీ ఇందులో నటించింది, నిర్మాణంలోనూ పాలుపంచుకుంది. తర్వాతి కాలంలో అతని సినిమాలు చాలావాటికి నిర్మాత ఆవిడే. మొత్తం ఖర్చు సుమారు 60,000 డాలర్లు. లాస్ ఏంజెలెస్ విమర్శకుల సంఘం ఉత్తమ స్క్రీన్‌ప్లే అవార్డు ఇచ్చింది. 1997లో అమెరికన్ ప్రభుత్వం జాతీయ చలనచిత్ర భాండాగారంలో చేర్చింది.

ఈ సినిమా చూస్తే సాంకేతికంగా పచ్చిగా ఉందని ఎవరికైనా తెలుస్తుంది. వెలుతురు చదునుగా ఉంటుంది, కొన్ని చోట్ల నటన తడబడుతుంది. అయినా ఓడిపోయిన ఒక తరం తనని తాను చూసుకునే తీరులో బడాయి లేదు, ఏడుపు లేదు. మూడేళ్ళ తర్వాత ఇలాంటి కథతోనే పెద్ద తారలతో 'ద బిగ్ చిల్' వచ్చి హిట్టయింది. రెండూ పక్కపక్కన పెట్టి చూస్తే, సెయిల్స్ మనుషులు ఇంకా నెలవారీ అద్దె గురించి ఆలోచించేవాళ్ళని తెలుస్తుంది.

చివరి మాట ఎవరిది

తర్వాత తీసిన 'లియానా' కూడా చిన్న బడ్జెట్ సినిమానే. 1983లో మొదటిసారి పెద్ద స్టూడియో డబ్బుతో, పారమౌంట్ కోసం 'బేబీ ఇట్స్ యూ' తీశాడు. ఎడిటింగ్ దగ్గర గొడవ వచ్చింది. చివరికి అతను కూర్చిన రూపంలోనే విడుదలైంది గానీ స్టూడియో దాన్ని పెద్దగా పట్టించుకోలేదు. అక్కణ్ణుంచి సెయిల్స్ ఒక గీత గీసుకున్నాడు. ఇతరులకి రాసిన స్క్రిప్టుని వాళ్ళు ఏం చేసుకున్నా తనకి అభ్యంతరం లేదు. తను తీసే సినిమాలో మాత్రం ఫైనల్ కట్ తనదే. సినిమాల్లో చాలావాటిని తనే ఎడిట్ చేసుకున్నాడు కూడా. 1999లో 'లింబో' స్టూడియో డబ్బుతోనే తీశాడు. అలాస్కా దీవిలో చిక్కుకున్న ముగ్గురి వైపు ఒక విమానం వస్తుంటుంది. అది కాపాడటానికి వస్తోందా, చంపడానికి వస్తోందా తేలకుండానే సినిమా అయిపోతుంది. ఫైనల్ కట్ చేతిలో లేనివాడికి అలాంటి ముగింపు దక్కదు.

అదే 1983లో మకార్థర్ ఫెలోషిప్ వచ్చింది. ఏడాదికి 30,000 డాలర్లకు పైగా, ఐదేళ్ళపాటు, షరతులు లేని డబ్బు. అందరూ ఇక ఊపిరి పీల్చుకుంటాడనుకునే సమయంలో, అతను ఆ ధైర్యంతో 'ద బ్రదర్ ఫ్రమ్ అనదర్ ప్లానెట్' తీశాడు. వేరే గ్రహం నుంచి పారిపోయి వచ్చిన నల్లజాతి బానిస, ఒకప్పుడు వలసదారుల్ని దింపిన ఎల్లిస్ ఐలండ్ దగ్గర కూలిపోయి, హార్లెమ్‌లో తలదాచుకుంటాడు. అతనికి మాట రాదు. జో మోర్టన్ ఒక్క డైలాగు లేకుండా సినిమా అంతా మోశాడు. వెంటాడి వచ్చిన నల్లబట్టల వేటగాళ్ళిద్దరిలో ఒకడు సెయిల్సే. కోర్మన్ దగ్గర నేర్చుకున్న చవక సైన్స్ ఫిక్షన్ పనితనం ఇక్కడ నేరుగా పనికొచ్చింది. జీతపు పని సొంత పనికి నేర్పింది కూడా ఉందనడానికి ఇంతకంటే మంచి రుజువు నాకు కనిపించదు.

మేట్‌వాన్

నిజానికి అతను అంతకుముందే తీయాలనుకున్న సినిమా 'మేట్‌వాన్'. డబ్బు కుదిరినట్టే కుదిరి జారిపోవడంతో వెనక్కి పోయింది. చివరికి 1987లో సుమారు 40 లక్షల డాలర్లతో వచ్చింది. నా లెక్కలో అతని అసలైన సినిమా ఇదే.

వెస్ట్ వర్జీనియా బొగ్గు గనుల ఊరు మేట్‌వాన్. 1920లో అక్కడ కార్మికులు యూనియన్ పెట్టుకోడానికి ప్రయత్నించారు. చేరినవాళ్ళని కంపెనీ పనిలోంచి, కంపెనీ ఇళ్ళలోంచి వెళ్ళగొట్టింది. ఖాళీ చేయించడానికి బాల్డ్విన్-ఫెల్ట్స్ డిటెక్టివ్ ఏజెన్సీ మనుషులొచ్చారు. ఊరి పోలీసు అధికారి సిడ్ హాట్‌ఫీల్డ్ కార్మికుల పక్షాన నిలిచాడు. మే 19న రైలు పట్టాల పక్కన జరిగిన కాల్పుల్లో పదిమంది చచ్చిపోయారు: ఏడుగురు ఏజెన్సీ మనుషులు, ఇద్దరు గని కార్మికులు, ఊరి మేయరు. ఏడాది తిరిగాక, 1921 ఆగస్టు 1న, హాట్‌ఫీల్డ్‌ని వెల్చ్ అనే ఊళ్ళో కోర్టు మెట్ల మీద కాల్చి చంపారు. అమెరికా బడి పుస్తకాల్లో ఇలాంటి చరిత్రకి చోటు తక్కువ. సెయిల్స్ కుర్రాడిగా ఆ కొండల్లో లిఫ్టులడుక్కుంటూ తిరిగినప్పుడు ఈ కథ విన్నాడు.

సినిమా మొదట్లో ఒక సన్నివేశం ఉంది. అలబామా నుంచి కొత్తగా దింపిన నల్లజాతి కార్మికులకి కంపెనీ మనిషి షరతులు చదువుతాడు. రైలు ఖర్చు జీతంలోంచి కట్. పనిముట్ల అద్దె కట్. డాక్టరు ఫీజు కట్. జీతం డాలర్లలో కాదు, కంపెనీ కూపన్లలో. అవి చెల్లేది కంపెనీ కొట్లోనే. గొంతు పెంచకుండా, ఎవరినీ తిట్టకుండా, జాబితా చదివినట్టు చదువుకుంటూ పోతాడు. దోపిడీ గురించి ఏ ఉపన్యాసమూ నన్ను ఆ జాబితా అంత కలవరపెట్టలేదు.

కంపెనీ లెక్క ఏమిటంటే, స్థానిక కొండజాతి తెల్లవాళ్ళు, ఇటాలియన్ వలసదారులు, నల్లవాళ్ళు ఎప్పటికీ కలవరు. ఆ ముగ్గుర్నీ కలిపే పని మీద వస్తాడు జో కెనెహన్. అది క్రిస్ కూపర్ మొదటి సినిమా. రాత్రి గుడారాల దగ్గర ఒకరి ఫిడేలు, ఇంకొకరి మాండొలిన్, మరొకరి హార్మోనికా నెమ్మదిగా ఒకే పాటలోకి వచ్చే చోట మాటల అవసరమే లేదు. హాట్‌ఫీల్డ్ చరిత్రలో ఉన్నవాడు, యూనియన్‌లో దూరిన గూఢచారి సి.ఇ. లైవ్లీ కూడా ఉన్నవాడే. కెనెహన్ మాత్రం కల్పన. తుపాకీ పడితే కంపెనీకి కావలసింది మనమే చేతికిచ్చినట్టు అని వాదించే అహింసావాదిని, చివర్లో తుపాకులే మాట్లాడతాయని ముందే తెలిసిన కథలో పెట్టాడు సెయిల్స్. అతని వాదన గెలవదు. తప్పని కూడా సినిమా అనదు. కార్మికుల పక్షాన నిలబడి తీసిన సినిమా తన పక్షాన్నే ఇంత కఠినంగా ప్రశ్నించుకోవడం నేను అరుదుగా చూశాను.

కెమెరా హాస్కెల్ వెక్స్‌లర్‌ది. ఆస్కార్ నామినేషన్ వచ్చింది. సినిమా ఎలా తీశాడో సెయిల్స్ 'థింకింగ్ ఇన్ పిక్చర్స్' అని ఒక పుస్తకం రాశాడు. సినిమాలు తీయాలనుకునేవాళ్ళు, ఏ నిర్ణయం వెనక ఎంత డబ్బు లెక్క ఉంటుందో తెలుసుకోడానికైనా చదవాల్సిన పుస్తకం.

శిఖరం, ఆ తర్వాత

1990లు అతనికి మంచి కాలం. అమెరికన్ ఇండిపెండెంట్ సినిమాకీ మంచి కాలమే. 1989లో సోడర్‌బర్గ్ 'సెక్స్, లైస్, అండ్ వీడియోటేప్' గెలుపుతో స్టూడియోలకి చిన్న సినిమా మీద ఆశ పుట్టింది. సోనీ పిక్చర్స్ క్లాసిక్స్, ఫాక్స్ సెర్చ్‌లైట్ లాంటి విభాగాలు మొదలయ్యాయి. డిస్నీ మిరామాక్స్‌ని కొనుక్కుంది. ఈ వాతావరణంలో సెయిల్స్ వరసగా తీశాడు: 'సిటీ ఆఫ్ హోప్', 'ప్యాషన్ ఫిష్', 'ద సీక్రెట్ ఆఫ్ రోన్ ఇనిష్'. అతని సినిమాలు చూడటానికి చప్పగా ఉంటాయని, పాత్రలు మరీ మాట్లాడతాయని విమర్శకులు అంటుండేవాళ్ళు. తొలి సినిమాల విషయంలో అది నిజమే. 'సిటీ ఆఫ్ హోప్'లో కెమెరా ఒక గుంపుని వదిలి, ఎదురొచ్చే ఇంకో గుంపుని పట్టుకుని నగరమంతా నడుస్తుంటే ఆ మాట నిలవదు.

1996లో 'లోన్ స్టార్'. టెక్సస్ సరిహద్దు ఊళ్ళో పాత షెరీఫ్ ఎముకలు బయటపడతాయి. చంపింది ఊరంతా దేవుడిలా కొలిచే తన తండ్రేమో అని ఇప్పటి షెరీఫ్‌కి అనుమానం. ఇందులో గతంలోకి వెళ్ళడానికి కట్ ఉండదు. బల్ల మీద చెయ్యి నుంచి కెమెరా అలా పక్కకి జరిగితే నలభై ఏళ్ళ వెనక్కి వెళ్ళిపోతాం, అదే గది, అదే వెలుతురు. గతం ఎక్కడికీ పోలేదు, పక్క కుర్చీలోనే ఉందని ఆ కదలిక చెబుతుంది. ఇంకోవైపు స్కూలు మీటింగులో తల్లిదండ్రులు చరిత్ర పాఠంలో ఎవరి కథ ఉండాలని కొట్టుకుంటుంటారు. ఆ గొడవ ఇప్పుడు మనకీ కొత్త కాదు. ఆ స్క్రీన్‌ప్లేకి ఆస్కార్ నామినేషన్ వచ్చింది. 'ప్యాషన్ ఫిష్' తర్వాత అతనికది రెండోది.

తర్వాత లెక్కలు మారాయి. చిన్న సినిమా విభాగాలు చిన్న సినిమా అంటే మరో పెద్ద హిట్టుకి విత్తనం అనుకోడం మొదలుపెట్టాయి. 2008లో వార్నర్ తన రెండు విభాగాలు మూసేసింది. డీవీడీ ఆదాయం కరిగిపోయింది. సెయిల్స్ 1950 నాటి అలబామా పల్లె సంగీతం మీద 'హనీడ్రిపర్' సొంత సంపాదన పెట్టి తీశాడు. 2010లో ఫిలిప్పీన్స్‌లో అమెరికా చేసిన యుద్ధం మీద 'అమీగో' అక్కడికే వెళ్ళి, అక్కడి నటులతో తీశాడు. 2013లో 'గో ఫర్ సిస్టర్స్'. ఆ తర్వాత అతని దర్శకత్వంలో సినిమా రాలేదు.

లెక్క తేల్చుకుంటే

ఇన్నేళ్ళూ జీతపు పని ఆగలేదు. స్పీల్‌బర్గ్ కోసం 'నైట్ స్కైస్' అనే స్క్రిప్టు రాశాడు. అది తెరకెక్కలేదు, కానీ 'ఇ.టి.' పుట్టిన దారిలో అదొక మెట్టు. 'అపోలో 13' తిరగరాసినవాళ్ళలో ఉన్నాడు, తెర మీద పేరు లేదు. 'జురాసిక్ పార్క్' నాలుగో భాగానికి ఒక డ్రాఫ్టు రాశాడు, దాన్ని తీయలేదు. నా ఉద్యోగంలో రద్దయిన ప్రాజెక్టుల సంగతి గుర్తొస్తుంది: ఏడాది పని, ఒక ఈమెయిల్‌తో ముగింపు. సెయిల్స్ వీటి గురించి వగచినట్టు నేనెక్కడా చదవలేదు. కూలి ముట్టింది, పని వాళ్ళది.

మా వాదనకి తిరిగొస్తే, జీతపు పని అతన్ని పాడుచేయలేదని నమ్మకంగా చెప్పగలను. మొసలి నడిచిన దారి చూశాం. అయితే అది అతన్ని కాపాడుతూనే ఉందనలేను. ఒక రచయిత సంపాదనతో 60,000 డాలర్ల సినిమా తీయొచ్చు. గుర్రాలు, రైళ్ళు, వందలమంది జనం ఉన్న చరిత్రని ఆ సంపాదనతో తీయలేం. సెయిల్స్ ఆశ చిన్న సినిమాల నుంచి పెద్ద చరిత్రల వైపు పెరిగింది, అతని జీతం ఆ వేగంతో పెరగలేదు. మధ్యలో ఆ తేడా పూడ్చిన పంపిణీదారులు, బుల్లి స్టూడియోలు మాయమవగానే దారి మూసుకుపోయింది. ప్రతిభ తగ్గి ఆగిపోలేదు. స్వేచ్ఛ అతనికి స్వభావంతో పాటు లెక్కలతో వచ్చింది, ఆ లెక్క చెడిన చోట ఆగింది.

ఆగినవాడు ఏం చేశాడన్నది నాకు అన్నిటికంటే ఇష్టమైన భాగం. తీయలేని స్క్రిప్టుల్ని నవలలు చేశాడు. 2011లో వచ్చిన 'ఎ మూమెంట్ ఇన్ ద సన్' తొమ్మిది వందల పేజీలు దాటుతుంది. 2023లో 'జేమీ మెక్‌గిలివ్రే', 2025లో 'టు సేవ్ ద మ్యాన్' వచ్చాయి. ఇవి కూడా అలా మారినవే. కాగితం మీద వెయ్యిమంది సైన్యానికి అయ్యే ఖర్చు సున్నా. ఇరవయ్యేడేళ్ళకి ఏ బల్ల దగ్గర మొదలుపెట్టాడో, డెబ్బయ్యోపడిలో మళ్ళీ అక్కడే కూర్చున్నాడు. అది ఓటమా అని అడిగితే నాకు జవాబు చెప్పడం కష్టం. 'మేట్‌వాన్' తీసిన మనిషి చేతికి ఇంకో పది సినిమాలు దక్కకపోవడం సినిమాకి నష్టమే.

కొత్తగా చూసేవాళ్ళకి నా సలహా: 'లోన్ స్టార్'తో మొదలుపెట్టండి, తర్వాత 'మేట్‌వాన్'. ఆ రెండూ పట్టుకుంటే 'సికాకస్ సెవెన్' పచ్చిదనం ఇబ్బంది పెట్టదు. ఆఖర్న ఓ శనివారం రాత్రి 'ఆలిగేటర్' పెట్టుకుని, ఆ మొసలి ఎవరి తర్వాత ఎవర్ని తింటుందో వేళ్ళ మీద లెక్కపెట్టండి.